వర్జ్యంలో పడ్డ చుక్క

చుక్క ఒకటి తెగి మన ఊరి కాలవ లాకుల్లో పడిందటనీ, ఆ అదురుకి సూర్యుడు నడినెత్తిన బిగుసుకుపోయాడటనీ, ఇక కాలం ముందుకి జరగదటనీ పున్నమ్మ చెప్పిందంటూ పక్కింటావిడ రొప్పుకుంటూ వచ్చి చెప్పింది.

"పున్నమ్మకేం, దాని నోటికి లాకులు లేవు!" అని చిలకమ్మ కొట్టిపారేసింది. అవతల పందిట్లో కూతురు సావిత్రి పీటల మీద ఉంది. ఇలాంటి కబుర్లు వినే తీరిక ఎక్కడిది?

కానీ గాడిపొయ్యి దగ్గరికెళ్ళేసరికి ఆమె గుండె జారింది. గుండిగ కింద మంట మంటలాగే ఉంది. గుండిగలో అన్నం మాత్రం ఉడకదు, మాడదు. మెతుకు పట్టి చూస్తే సగం పలుకు. మళ్ళీ పట్టి చూసినా అదే సగం పలుకు. పందిరి గుంజ నీడ గుంజ మొదట్లోనే ముడుచుకు పడుకుంది.

పందిట్లో తెరకి ఇటు సావిత్రి, అటు పెళ్ళికొడుకు, చేతుల్లో జీలకర్ర బెల్లం ముద్దలతో బొమ్మల్లా కూర్చున్నారు. సన్నాయివాడికి ఊపిరి అయిపోవచ్చింది.

"వర్జ్యం వెళ్ళగానే ముహూర్తం పెట్టాను," అన్నారు పురోహితుడు వెంకటపతి శాస్త్రిగారు చెమట తుడుచుకుంటూ. "ఇంకా చిటికెడు వర్జ్యం మిగిలింది. ఆ చిటికెడూ వెళ్ళడం లేదు."

"పోనీ, కానిచ్చెయ్యండి బాబూ!" అంది పందిట్లోకి వచ్చిన చిలకమ్మ.

"వర్జ్యంలో పెళ్ళా! ముందు నోరు కడుక్కోమ్మా!"

పెళ్ళికొడుకు తండ్రి వెంకట్రామయ్య కండువా దులిపి లేచాడు. "ఇంకెంతసేపు చెల్లెమ్మా? మావాళ్ళు ఆకలికి ఆగలేకపోతున్నారు."

"కాలమే ఆగిపోతే ఆకలెలా వేస్తుంది అన్నయ్యగారూ?"

"కాలం ఆగింది గానీ కడుపు ఆగిందా? మేం గుడ్లవల్లేరు వెళ్ళిపోతున్నాం. పడవ కదలకపోతే కట్ట మీద నడిచి పోతాం. మేం గడప దాటామా, ఈ సంబంధం ఇంతే!"

చిలకమ్మ మొగుడి వంక చూసింది. వెంకటస్వామి కన్యాదానం పీట మీద నుంచే గొణిగాడు: "నేను లేవకూడదే. ఏం చేసినా నువ్వే చెయ్యాలి."

చిలకమ్మ కొంగు బిగించింది. గాడిపొయ్యి తవ్విన గునపం భుజాన వేసుకుని లాకుల వైపు నడిచింది. వెనకాల పెళ్ళివారంతా బయల్దేరారు.

లాకు తలుపుల మధ్య రుబ్బురోలంత నల్లటి రాయి ఇరుక్కుని ఉంది. సందులోంచి కారే నీటిధార గాజుకడ్డీలా నిలబడిపోయింది.

"ఇందాక నా గెడ తగిలి ఇది వీసమంత కదిలిందమ్మా," అన్నాడు పడవ అప్పయ్య. "అది కదిలితే గట్టు మీద నీడ కూడా అంతే కదిలింది. దీన్ని పెళ్ళగిస్తే చాలు, సూర్యుడి దారిన సూర్యుడు పోతాడు."

"మరి పెళ్ళగించవేం?"

"కబురంపితే శాస్త్రిగారు వద్దన్నారు."

"అవునమ్మా," అన్నారు శాస్త్రిగారు. "వర్జ్యంలో ఏ పనీ మొదలెట్టకూడదు. వర్జ్యం వెళ్ళనీ."

"ఇది కదిలితేగా బాబూ, వర్జ్యం వెళ్ళేది!"

"వర్జ్యం వెళితేగా అమ్మా, దీన్ని కదిపేది!"

నిజమే నిజమే అని తలలూపారు అందరూ.

"అయితే ఆ పాపమేదో నాకే తగలనివ్వండి," అని చిలకమ్మ గునపం ఎత్తింది.

వెంకట్రామయ్య అడ్డం వచ్చాడు. "వర్జ్యంలో గునపం దించిన చేత్తో నా కొడుకు నెత్తిన అక్షింతలు వేస్తావా? ఆ రాయి మీద నీ చెయ్యి పడితే నీ పిల్ల మా గడప తొక్కదు."

చిలకమ్మ గునపం దించింది. బుర్ర మాత్రం దించలేదు.

"శాస్త్రిగారూ, వర్జ్యం లేనివాళ్ళు చెయ్యి వేస్తే?"

శాస్త్రిగారి మొహం వికసించింది. "ఆ! కాలవ అవతల పేటలో విల్సన్ ఉన్నాడుగా! వాళ్ళకి తిథీ లేదు, వారమూ లేదు, వర్జ్యమూ లేదు. ఏటా ఈ కాలవ పూడిక తీసేదీ వాడే. పిలిపించండి!"

పిలిపించడమేమిటి, చిలకమ్మే పరుగెత్తింది. పట్టుచీర కుచ్చెళ్ళు ఎగదోపుకుని, కట్ట మీద ముళ్ళు కూడా చూసుకోకుండా పేటలోకి వెళ్ళింది. విల్సన్ తలకి నూనె రాసుకుని, చలవచేసిన చొక్కా తొడుక్కుని అరుగు మీద కూర్చున్నాడు. పక్కన భార్య జ్ఞానమ్మ విసనకర్రతో విసురుకుంటోంది. అవేవీ చిలకమ్మ కళ్ళకి ఆనలేదు.

"విల్సనూ, నా పిల్ల పెళ్ళి నీ చేతుల్లో ఉందయ్యా! ఒక్కసారి లాకుల దాకా రా!"

"అయ్యో, పదండమ్మా!" అంటూ మొగుడూ పెళ్ళాలిద్దరూ బయల్దేరారు.

లాకుల దగ్గర, ఎప్పుడూ విల్సన్‌ని చూస్తే ఆమడ దూరం జరిగే శాస్త్రిగారే, "రావయ్యా విల్సనూ, రా రా," అంటూ దారి ఇచ్చారు. "అన్నం ఉడకగానే మొదటి విస్తరి నీదే," అన్నాడు వెంకట్రామయ్య.

విల్సన్ గట్టు మీద గొంతుక్కూర్చుని, వంగి రాయి కిందకి చూశాడు. అటూ ఇటూ చూసి నవ్వాడు.

"ఇదో లెక్కా అండీ? పూడికలో ఇంతకంటే పెద్దవి లాగాం. కిందకి గునపం దూర్చి ఒక్క ఊపు ఊపితే లేచొస్తుంది."

గట్టు మీద అందరికీ ప్రాణం లేచొచ్చింది. సన్నాయివాడు పీక తడుపుకున్నాడు. వెంకట్రామయ్య కండువా మళ్ళీ భుజాన వేసుకున్నాడు. చిలకమ్మ రెండు చేతులా గునపం అందించింది.

విల్సన్ అందుకోలేదు. భార్య వంక చూశాడు.

జ్ఞానమ్మ మొగుడి చొక్కా మడత సవరించి చెప్పింది:

"ఇవాళ ఆదివారం కదండీ, మేం పని ముట్టం. రేపు పొద్దున్నే వచ్చి తీసేస్తాం."