నారు పోసినవాడు

నల్లపెట్ట బాగా పండిన టమాటాను చిదిమి, గింజల్ని బూడిదలో పొర్లించి ఆరబెట్టింది. సగం గింజల్ని పగిలిన కుండలోని మట్టిలో చల్లింది. మొలకలు రెండాకులు వేసేసరికి దానికి గుడ్లు పొదిగే వేళ వచ్చింది.

"ఏమయ్యా, నేను గంప దిగేదాకా నారుకి రోజూ కాసిని నీళ్లు పోయి," అని ఎర్రపుంజుకు అప్పజెప్పింది.

ఇరవై ఒక్క రోజులకు పిల్లలతో గంప దిగి చూస్తే నారంతా ఎండి పుల్లలైపోయింది. పుంజు గోడెక్కి ఈకలు దువ్వుకుంటోంది.

"నీళ్లు పోశావా?"

"నారు పోసినవాడు నీరు పోయకపోతాడా అని ఊరుకున్నాను," అంది పుంజు, ముక్కుతో ఆకాశం చూపిస్తూ.

పెట్టకు ఒళ్లు మండిపోయింది.

"పైకి చూస్తావేం? నారు పోసింది నేను! గుడ్ల మీంచి లేవలేకనే కదా నీకు చెప్పి చచ్చాను!"

బూడిదలో దాచిన మిగతా గింజలు తెచ్చి, కసికొద్దీ మళ్లీ మట్టి గీరింది. పురుగులు బయటపడ్డాయి. పిల్లలు ఎగబడ్డాయి. పుంజు కూడా గోడ దిగి గబగబా వచ్చింది.

పెట్ట రెక్క అడ్డం పెట్టింది.

"పైకి చూడు," అంది. "నోరిచ్చినవాడు మేత పెట్టకపోతాడా?"