రెండో మంచం

ధనశ్రీ మూసిన సూట్‌కేసుని కనకరత్నం మళ్లీ తెరిచి కందిపొడి డబ్బా ఇరికించింది.

"చాలక్కా. నేను వెళ్తున్నది ఎలమంచిలికే," అంది చెల్లెలు నవ్వుతూ.

నలభై ఒకటో ఏట మొదటి ఉద్యోగం. ప్రైవేటు స్కూల్లో లెక్కల టీచరు. అక్కడే గది కూడా తీసుకుంది. నాన్న గంగాధరరావు పోయి రెండు నెలలు.

ఆయన పోర్టులో ఫోర్‌మన్‌గా చేసి రిటైరయ్యాడు. గోపాలపట్నం ఇంట్లో మాత్రం చివరిదాకా డ్యూటీ దిగలేదు. కూతుళ్లు పాల ప్యాకెట్‌కి వెళ్లినా గడియారం చూసేవాడు. వచ్చిన సంబంధాలన్నీ గుమ్మంలోంచే తిప్పి పంపాడు. ఆయన పోయాక ఒక సాయంత్రం ఇద్దరూ వీధి తలుపు తీసుకుని మెట్ల మీద కూర్చున్నారు. ధనశ్రీ హాయిగా కాళ్లు చాపుకుంది. కనకరత్నం రెండు నిమిషాలకే లేచి లోపలికెళ్లిపోయింది.

"నాన్నకి దండం పెట్టుకుని బయల్దేరు," అంది ఇప్పుడు, ఫొటో చూపించి.

"పెట్టను."

పద్దెనిమిదేళ్ల కిందట ధనశ్రీకి పాడేరు దగ్గర గవర్నమెంటు టీచరు ఉద్యోగం వచ్చింది. ఆర్డరు ఇంటికొచ్చిన సంగతి ఆమెకి తెలిసేసరికి గడువు దాటిపోయింది. పెరట్లో వేన్నీళ్ల పొయ్యిలో సగం కాలిన కవరు దొరికింది. నాన్నని నిలదీసే ధైర్యం ఆ ఇంట్లో ఎవరికీ లేదు. ఆ రోజు నుంచి ధనశ్రీ ఆయనతో మాట్లాడలేదు. ఆస్పత్రిలో చివరి రోజున ఆయన చెయ్యి చాపితే, పట్టుకోకుండా బయటికొచ్చేసింది.

"పోయినోళ్ల మీద కోపమేటే?" అంది కనకరత్నం.

"నీకు లేకపోతే లేదు. నాకుంది."

బయట ఆటో హారన్ కొట్టింది. ధనశ్రీ సూట్‌కేసు అందుకుని, గుమ్మంలో ఆగింది.

"గదిలో రెండో మంచం కూడా వేయించానక్కా. నెలాఖరుకి నువ్వూ వచ్చేయ్. ఈ ఇంట్లో నన్ను ఏడిపించనిది నువ్వొక్కదానివే."

కనకరత్నం తలుపు పట్టుకుని నిలబడింది.

"నేను రాకూడదే."

"ఏం? ఎందుకు?"

"ఆ కవరు కాల్చింది నాన్న కాదు ధనా, నువ్వెళ్లిపోతే ఆయన దగ్గర ఒక్కదాన్నే మిగిలిపోతానని, నేనే."