గుడ్డుకి కుట్టిన పొత్తిళ్లు

ఇప్పచెట్టు తొర్ర రామచిలుకది. అందులో పన్నెండేళ్లుగా అద్దెకి నడిచే కుట్టుకొట్టు కుట్టుపిట్టది. ఒకనాడు చిలుక వచ్చి, "గుడ్డు పెట్టానమ్మా, పొత్తిళ్లు కుట్టిపెట్టు" అంది. శుభమా అని అడిగితే కూలి తీసుకోవడమేమిటని కుట్టుపిట్ట ఆకులతో ఊరికే కుట్టిచ్చింది.

వారం తిరగకుండా చిలుక అద్దె తగువులు తీర్చే తాబేలు దగ్గరికెళ్లింది. "నా కొడుకు కొట్టు పెట్టుకుంటాడు, తొర్ర ఖాళీ చేయించండి."

"కొడుకింకా గుడ్డులోనే ఉన్నాడు కదయ్యా!" అని తాబేలు పిలిపిస్తే వచ్చిన కుట్టుపిట్ట లబోదిబోమంది.

"ఓనరుకి సొంత అవసరముంటే ఖాళీ చేయాలన్నది చట్టం. గుడ్డు పగిలి ఉండాలని అందులో లేదు. అవసరానికి రుజువేదీ?" అంది తాబేలు.

చిలుక పొత్తిళ్లు చూపించింది.

"ఇవెవరు కుట్టారు?"

"నేనేనయ్యా," అంది కుట్టుపిట్ట.

"మరింకేం! కొడుకొస్తున్నాడని నువ్వూ ఒప్పుకున్నట్టే."

కుట్టుపిట్ట సామాను మూటగట్టుకుని ముళ్లకంప మీదికి చేరింది. అక్కడికి ఒక్క బేరమూ రాలేదు. తెచ్చుకున్న ఆకులన్నీ వానకి కుళ్లిపోయాయి.

నెల తర్వాత చిలుక వచ్చింది. "గుడ్డు మురిగిపోయిందమ్మా. తొర్ర కాకికి అద్దెకిచ్చాను. గుమ్మానికో తెర కుట్టిపెడతావా?"

నెలగా పని లేని కుట్టుపిట్ట ముక్కుకి దారం ఎక్కించుకుంది.