నాలుగోసారీ వద్దంటే

లిఫ్టు తలుపు మూసుకుపోతుండగా ఒక చెయ్యి అడ్డం వచ్చింది.

హోటల్ లాండ్రీవాళ్లు వేసుకునే నీలం కోటులో ఒక పెద్దావిడ, ఆయాసపడుతూ లోపలికి వచ్చింది.

"ఆ ప్రేమకథ రాసేది మీరేనా బాబూ? ఫోన్లలో వస్తుందే, శుక్రవారం శుక్రవారం."

రచయితకు నవ్వొచ్చింది. ఈ వయసు అభిమానులు కూడా ఉన్నారన్నమాట.

"నేనేనమ్మా. చివరి ఎపిసోడ్‌లో ఏమవుతుందని మాత్రం అడక్కండి."

"అడగను. నేనే ఒకటి చెబుదామని వచ్చాను. మీ కథలో పిల్ల ఇప్పటికి మూడుసార్లు వద్దంది. నాలుగోసారీ వద్దనిపించండి. అబ్బాయి సరేనని ఇంటికెళ్లిపోవాలి."

"ఇంటికెళ్లిపోతే ఇక కథేముంది?"

"వాడికి ఇంట్లో బుద్ధి చెప్పేవాళ్లెవరూ లేరా?"

"ఇంట్లోవాళ్లు వస్తే ప్రేమకథ నడవదమ్మా."

ఆవిడ నవ్వలేదు. గొంతు తగ్గించింది.

"మందులషాపులో పనిచేసే పిల్ల ఉంది బాబూ. నాలుగు నెలలుగా ఒకడు వెంటపడుతున్నాడు. ఇష్టం లేదని మొహం మీదే చెప్పింది. అయినా షాపు ఎదుట కాపు కాస్తాడు. ఇదేం పనిరా అంటే మీ కథ చూపిస్తాడు. 'చూస్తూ ఉండు, చివరికి ఒప్పుకుంటుంది' అంటాడు. మీరు చెప్తే వింటాడు."

కూతురి గొడవ కాబోలు అనుకున్నాడు రచయిత. మీటింగ్‌కు టైమవుతోంది.

"పోలీసులకు చెప్పండమ్మా," అనేసి లిఫ్టు దిగిపోయాడు.

చివరి ఎపిసోడ్ షూటింగ్‌కు ఇంకా పది రోజులున్నాయి. మార్చాలంటే ఒక పూట పని. ఆ సంగతి అతనికి తెలుసు.

మార్చలేదు. వానలో నిలబడ్డ హీరో దగ్గరికి హీరోయిన్ పరుగెత్తుకొచ్చింది. లక్షలమంది చూశారు. ఆఫీసులో కేకు కోశారు.

ఆ మర్నాడే పేపర్లో చిన్న వార్త. ఉంగరం పట్టుకుని మందులషాపుకు వెళ్లిన యువకుడు, కాదన్న అమ్మాయిని చెయ్యి పట్టి లాగాడు. ఆమె మోచెయ్యి విరిగింది. 'చివరికి ఒప్పుకుంటుందనుకున్నా' అన్నాడట.

రచయిత పేపరు మడిచి పక్కన పెట్టాడు. లేచి ఆస్పత్రికి వెళ్లాడు.

మంచం మీద అమ్మాయి, చేతికి కట్టు. పక్కన పళ్లు కోస్తూ ఎవరో సన్నటి ఆవిడ.

"మీ అమ్మగారిని కలవాలమ్మా. క్షమించమని అడగాలి," అన్నాడు తలెత్తకుండా.

"ఈవిడే మా అమ్మ."

"కాదు... లాండ్రీలో పనిచేస్తారే, నీలం కోటు..."



"ఆవిడా. రోజూ షాపు మూసేదాకా కూర్చుని నన్ను ఇంటిదాకా దిగబెట్టేవారండీ. నిన్న వాడి చేతిలోంచి నన్ను విడిపించిందీ, చొక్కా పట్టుకుని స్టేషన్‌కి లాక్కెళ్లిందీ ఆవిడే. 'పోలీసులకు చెప్పమని ముందే ఒకాయన అన్నాడు, నాకే మనసొప్పలేదు' అని నా కాళ్ల దగ్గర కూర్చుని ఏడ్చారు. పొద్దున్నే ఊరొదిలి వెళ్లిపోయారట."

"ఎందుకు మనసొప్పలేదు?"

"వాడు ఆవిడకి ఒక్కగానొక్క కొడుకండీ."