మధ్యలో కూర్చున్న మనిషి

చీఫ్ ఇంజనీరు బల్ల మీద అరచేత్తో గట్టిగా కొట్టాడు. గ్లాసు ఒలికి రైలుదారి మ్యాపు తడిసిపోయింది.

"నది దాటే రైలుకి ఇంజను వాళ్ళ గట్టునే మార్చాలా? మా గట్టున మనుషుల్లేరా? వీళ్ళ మొహాలకి రైలొకటి!"

బల్లకి అవతల ఉన్న పొరుగుదేశం ఇంజనీరుకి ఈ భాష రాదు.

మధ్యలో కూర్చున్న దుబాసి ఆవిడ ఆయన వైపు తిరిగి మెల్లగా రెండు ముక్కలు చెప్పింది.

ఆయన నవ్వి తలూపాడు.

ఆ నవ్వు చూసి చీఫ్‌కి ఒళ్ళు మండింది.

నదికి ఈ గట్టున వీళ్ళ పట్టాలు ఆగిపోతాయి, ఆ గట్టున వాళ్ళవి. వంతెన కట్టి ఆ రెండూ కలిపేందుకే ఈ చర్చలు. పైకి చెప్పడు గానీ, చీఫ్‌కి కావలసింది వేరే ఉంది. మంచం పట్టిన అక్క ఆ గట్టునే ఉంటుంది. ఇప్పుడైతే చుట్టూ తిరిగి రెండు రోజుల ప్రయాణం. రైలు పడితే పొద్దున వెళ్ళి సాయంత్రానికి రావచ్చు.

అంత ఆశ ఉన్నవాడు కాస్త నోరు అదుపులో పెట్టుకోవచ్చు కదా అంటే, అది ఆయన వల్ల కాని పని.

సాయంత్రం అందరూ వెళ్ళాక ఆవిణ్ణి నిలదీశాడు.

"నేను పది మాటలంటే నువ్వు రెండు చెప్తావు. ఆయన రెండంటే పది చెప్తావు. ఏంటమ్మా సంగతి? వాళ్ళ మనిషివా?"



రేపట్నుంచి రావద్దన్నాడు. ఆవిడ కళ్ళజోడు తుడుచుకుని, వెళ్ళొస్తానండీ అని వెళ్ళిపోయింది.

మర్నాడు కొత్త దుబాసి వచ్చాడు. అన్నది అన్నట్టు, అక్షరం పొల్లు పోకుండా చెప్పే మనిషి. దుబాసి అంటే ఇలా ఉండాలని చీఫ్ తెగ సంబరపడ్డాడు.

మధ్యాహ్నానికల్లా అవతలివాళ్ళు కాగితాలు సర్దుకుని లేచారు. ఇక చర్చలు లేవన్నారు, వంతెన కూడా లేదన్నారు.

చీఫ్‌కి ముందు అక్క గుర్తొచ్చింది. భయం వేసింది. దుబాసిని రెక్క పట్టుకుని గుమ్మం దాకా వాళ్ళ వెంటపడ్డాడు.

"అడగవయ్యా. ఇన్నాళ్ళూ ఎంత మర్యాదగా ఉండేవారు? మా ఇబ్బంది తెలుసన్నారు. మొదటి రైల్లో పక్కపక్కన కూర్చుని వెళ్దామన్నారు. ఇవాళేమొచ్చింది?"

దుబాసి అడిగాడు.

అవతలాయన చీఫ్ మొహం కేసి చూశాడు. తర్వాత మెల్లగా ఏదో చెప్పి కారెక్కాడు.

"ఏమన్నాడు?"

"తనెప్పుడూ అలా అనలేదటండీ. ఆ మాటలన్నీ మీరన్నారనే పాత దుబాసి ఆవిడ ఆయనకి చెప్పిందట."