రెండో సంచికలో ఆట లేదు

ఆఫ్రికా ఫుట్‌బాల్ కామిక్ ఒకటి అమెరికాలో కొత్తగా మొదలైంది. టెక్సాస్‌లోని కాపెల్‌లో పదకొండేళ్లుగా హెచ్‌వన్ వీసా మీదున్న ఫణి, కూతురు ఇషిత పక్కన కూర్చుని తొలి సంచిక చదివాడు.

ఘానా హీరో తన్నిన బంతి మబ్బుల్ని చీల్చుకుని వెళ్లి గోల్‌లో పడింది. ఫణి తలూపి పేజీ తిప్పాడు. అమెరికా క్లబ్‌లో ఆడడానికి హీరోకి రెండు రోజుల్లో వీసా వచ్చేసింది.

“ఇంపాజిబుల్! ఇలా ఎక్కడైనా జరుగుతుందా?”

“డాడీ, ఇది కామిక్!” అంది ఇషిత.

ఫణి పబ్లిషర్‌కి మెయిల్ పెట్టాడు. తెలిసిన తండ్రులందరి చేతా పెట్టించాడు.

రెండో సంచికలో ఆట లేదు. హీరో చివరి పేజీ దాకా కాన్సులేట్ ముందు క్యూలోనే ఉన్నాడు. పిల్లలు చదవడం మానేశారు.

మూడో సంచిక వచ్చిన ఉదయం తండ్రుల వాట్సాప్ గ్రూప్‌లో ఒకటే ప్రశ్న: “మనవాడికి వీసా స్టాంపింగ్ అయ్యిందా?”