దూరంగా కూర్చున్న తల్లి

"ఎవరండీ మీరు? తలుపు తీసి ఉంటే చాలు, వచ్చేయడమేనా?"

దర్శకురాలికి మామూలుగానే కోపం ముక్కు మీద ఉంటుంది. ప్రదర్శన దగ్గర పడిందంటే ఇక చెప్పక్కర్లేదు.

"కాస్త చూసి వెళ్తానమ్మా. మీకు అడ్డం రాను," అంది పెద్దావిడ. అప్పటికే చివరి వరుసలో ఓ కుర్చీ దులుపుకుని కూర్చుంది కూడా.

పొమ్మనడానికి మనసొప్పక దర్శకురాలు వేదిక వైపు తిరిగింది.

నాటకం పవిత్రగ్రంథంలోని ఓ దాసి గురించి. పిల్లలు లేని యజమానురాలు తన దాసిని భర్తకు అప్పగిస్తుంది. దాసి కొడుకును కంటుంది. తీరా యజమానురాలికే ఓ కొడుకు పుట్టాక ఈ తల్లీబిడ్డల్ని ఎడారిలోకి గెంటేస్తారు. తోలుతిత్తిలో తెచ్చుకున్న నీళ్ళు అయిపోతాయి. బిడ్డ చావు కళ్ళారా చూడలేక, ఆ తల్లి వాణ్ణి ఓ పొద కింద పడుకోబెట్టి, దూరంగా వెళ్ళి కూర్చుని ఏడుస్తుంది. చివరికి దేవుడు దయతలచి నీటి ఊట చూపిస్తాడు. బిడ్డ బతుకుతాడు.

బతికాడు సరే, తల్లికి మాత్రం చెడ్డపేరు మిగిలింది. చచ్చిపోతున్న బిడ్డను వదిలి దూరంగా వెళ్తుందా అని తలా ఓ మాట అన్నారు. అందరికంటే ఎక్కువ ఆడిపోసుకున్నది ఓ ప్రొఫెసరమ్మ. ఏకంగా 'రాతిగుండె తల్లి' అని పుస్తకమే రాసిపారేసింది.

కాలేజీలో ఆ పుస్తకం చదివిన రోజే దర్శకురాలికి ఒళ్ళు మండింది. ఎప్పటికైనా ఆ దాసికి న్యాయం చేస్తానని పంతం పట్టింది. ఇన్నేళ్ళకు సొంతంగా నాటకం రాసింది. ఇది పోతే బృందం మూసుకోవడమే.

ఈమె నాటకంలో తల్లి ఎక్కడికీ వెళ్ళదు. బిడ్డను చివరిదాకా ఒళ్ళోనే పెట్టుకుంటుంది.

అయితే సీను పండటం లేదు. నటి ఏమో కడవలకొద్దీ కన్నీళ్ళు కారుస్తోంది. లైట్లు వేసే అతను ఆవులిస్తున్నాడు.

"ఆపండి! ఏం మాయరోగం వచ్చింది ఈ సీనుకి?" అని దర్శకురాలు తల పట్టుకుంది.

"బిడ్డను కింద పెట్టించమ్మా. కాస్త దూరం వెళ్ళనీ ఆ తల్లిని," అంది వెనక నుంచి పెద్దావిడ.

దర్శకురాలు ఒంటికాలి మీద లేచింది.

"మీరూ ఆ పుస్తకం బాపతేనా? ఏ తల్లి వెళ్తుందండీ అలా?"

"వెళ్తుందమ్మా."

"ఆ ప్రొఫెసరమ్మ నా కంటపడాలి గానీ, కడిగి పారేద్దును! ఓ పిల్లాణ్ణి కని పెంచితే ఆ రాతలు రాసేదా?"

"అప్పటికి కని ఉండదులే."

"వెనకేసుకొస్తున్నారా ఆవిణ్ణి?"

"అయ్యో, లేదు. కడగాల్సిందే."

పెద్దావిడ లేచి వచ్చింది. మోకాళ్ళు పట్టుకుని మెట్లెక్కింది. నటి ఒళ్ళోని గుడ్డబొమ్మను తీసుకుని, అట్టతో చేసిన పొద కింద పడుకోబెట్టింది. మొహం మీద ఎండ పడకుండా తల కాస్త జరిపింది.

వెనక్కి అడుగులు వేసుకుంటూ నడిచింది. చూపు మాత్రం బొమ్మ మీదే. ఆగి, చెవి ఒగ్గి, ఇంకాస్త వెనక్కి వెళ్ళింది. అప్పుడు అటు తిరిగి కూలబడి, పిడికిలి నోట్లో కుక్కుకుంది.

నటి లేచి ఆమె దగ్గరికి వచ్చింది.

"అంత దూరం దేనికండీ?" అని నటి మెల్లిగా అడిగింది.

"ఏడుపు వాడికి వినపడకూడదు కదమ్మా. పక్కనే కూర్చుంటే మన మొహం చూస్తాడు. చూస్తే వాడికి అర్థమైపోతుంది. మావాడు ఆస్పత్రిలో ఉన్నన్నాళ్ళూ నేను వరండా చివరిదాకా పోయి ఏడ్చేదాన్ని. మొహం కడుక్కుని, నవ్వుకుంటూ వాడి దగ్గరికి వచ్చేదాన్ని."

"ఇప్పుడెలా ఉన్నారండీ మీ అబ్బాయి?"

"ఆ తల్లి అదృష్టవంతురాలు. ఆమెకు ఊట కనపడింది."

లైట్ల అతను కళ్ళు తుడుచుకున్నాడు. ఈసారి ఆవులింత వల్ల కాదు.

దర్శకురాలు వేదిక ఎక్కింది. పెద్దావిడ చెయ్యి పట్టుకుని, "నోటికొచ్చినట్టు మాట్లాడాను. ఏమీ అనుకోకండి. ముందు వరుసలో మీకు కుర్చీ ఉంచుతాను, తప్పకుండా రావాలి," అంది.

పెద్దావిడ నవ్వి, మెల్లిగా మెట్లు దిగింది.

ప్రదర్శన రోజు నటి బిడ్డను పడుకోబెట్టి వెనక్కి నడుస్తుంటే, హాలు హాలంతా ఊపిరి బిగబట్టింది. తెర పడ్డాక జనం లేచి నిలబడి ఒకటే చప్పట్లు. దర్శకురాలు మాత్రం ముందు వరుస కేసి చూసింది. ఆ కుర్చీ ఖాళీగా ఉంది.

"ఆ పెద్దావిడాండీ? గోడకానుకుని నిలబడే చూశారు. లైట్లు వెయ్యకముందే వెళ్ళిపోయారు," అన్నాడు తలుపు దగ్గర టిక్కెట్లు చూసే అతను.

దర్శకురాలు పరుగున మెట్లు దిగింది. పెద్దావిణ్ణి ఎక్కించుకున్న బస్సు అప్పుడే మలుపు తిరిగిపోయింది.

మెట్ల మీద, పత్రికలో నాటకాల గురించి రాసే ముసలి లెక్చరరు ఆ బస్సుకేసే చూస్తూ నిలబడి ఉన్నాడు.

"అయ్యో, వెళ్ళిపోయారు! ఆ సీను నాకు ఇచ్చింది ఆవిడేనండీ. కనీసం పేరైనా అడగలేదు నేను. 'మనిద్దరం కలిసి ఆ దిక్కుమాలిన పుస్తకాన్ని గెలిచాం' అని చెప్పాలనుకున్నాను," అంది దర్శకురాలు, ఏడుపు ఆపుకుంటూ.

ఆయన ఆమెను వింతగా చూశాడు.

"నిజంగా తెలియదా? ఆవిడా నేనూ ఒకే కాలేజీలో పాఠాలు చెప్పాం. ఆ పుస్తకం రాసింది ఆవిడే కదమ్మా, కొడుకు పోయాక ఎవరెంత బతిమాలినా మళ్ళీ అచ్చు వెయ్యనివ్వలేదు."